స్కాన్ అయిపోయాక రీలు ఎందుకు? పాత న్యూస్‌రీళ్లు దొరికినవాళ్లకి నా జవాబు

మీరు రెండు విషయాలు అడిగారు. మూతపడిన ఒక సినిమా హాలు స్టోర్ రూములో పది పన్నెండు పాత న్యూస్‌రీల్ (ఒకప్పుడు సినిమా హాళ్లలో చూపించిన వార్తల ఫిల్ము) డబ్బాలు దొరికాయి, కొన్నిటి నుంచి పుల్లటి ఘాటు వాసన వస్తోంది, వెంటనే స్కాన్ చేయించి రీళ్లు పారేయవచ్చా అన్నది మొదటిది. ఈ రోజుల్లో మంచి స్కానర్లు ఉన్నాయి కదా, ఇంకా పాత ఫిల్ములను భద్రపరిచే ఫిల్మ్ ఆర్కైవిస్టు చేసే పనేమిటి అన్నది రెండోది. నేను ఇరవై ఆరేళ్లుగా ఇదే పనిలో ఉన్నాను. రెండిటికీ జవాబు ఒకచోటే ఉంది కాబట్టి కలిపి చెబుతాను. కొంచెం పొడుగవుతుంది, ఓపిగ్గా చదవండి.

అన్నిటికన్నా ముందు అర్జెంటు మాట. ఆ రీళ్లను ఏ ప్రొజెక్టర్‌కీ ఎక్కించకండి. ఎండలో పెట్టకండి. ఏం ఉందో చూద్దామని చుట్ట విప్పి లాగకండి. డబ్బాలు ఉన్న గదిలో సిగరెట్టు, అగరుబత్తి, హీటరు ఏవీ ఉండకూడదు. కారణం నైట్రేట్. 1950ల మొదట్లో కోడక్ దాని తయారీ ఆపేసేదాకా 35 ఎంఎం సినిమా ఫిల్ము ఎక్కువగా సెల్యులోజ్ నైట్రేట్ మీదే వచ్చేది. అది అంటుకుంటే తనకి కావలసిన ఆక్సిజన్‌ని తనే పుట్టించుకుంటుంది, నీళ్లలో ముంచినా ఆరదు. బాగా పాడైన నైట్రేట్ రీలుకి నిప్పు కూడా అక్కర్లేదు. నలభై డిగ్రీలు దాటిన గదిలో చాలా రోజులు ఉంటే దానంతట అదే అంటుకోవచ్చు. మీవి 16 ఎంఎం రీళ్లయితే చాలావరకు ఈ భయం లేదు. 1923లో కోడక్ 16 ఎంఎంని తెచ్చినప్పటి నుంచీ సేఫ్టీ బేస్ (సులువుగా అంటుకోని ప్లాస్టిక్ పట్టీ) మీదే తెచ్చింది, ఇళ్లల్లో వాడతారు కాబట్టి.

పుల్లటి వాసన మాత్రం దాదాపు ఖాయంగా ఎసిటేట్‌ది. నైట్రేట్ ప్రమాదమని తెచ్చిన సేఫ్టీ ఫిల్ము అదే, కానీ దానికీ ఒక రోగం ఉంది. వేడికీ తేమకీ బేస్ విడిపోతూ ఎసిటిక్ ఆమ్లాన్ని వదులుతుంది. ఆ ఆమ్లం డబ్బా దాటి పోలేక అక్కడే ఉండి కుళ్లుని ఇంకా వేగం చేస్తుంది. అందుకే మొదట ఏళ్ల తరబడి ఏమీ కనిపించదు, ఒకసారి వాసన మొదలైందంటే ఇక పరుగే. 21 డిగ్రీల వేడి, 50 శాతం తేమ ఉన్న గదిలో కొత్త ఎసిటేట్ ఫిల్ము ఆ దశకి చేరడానికి సుమారు 40 ఏళ్లు పడుతుందని ఇమేజ్ పర్మనెన్స్ ఇన్‌స్టిట్యూట్ అనే అమెరికా పరిశోధన సంస్థ లెక్క. చల్లగా ఉంచితే ఆ గడువు ఎన్నో రెట్లు పెరుగుతుంది. ఎంత ముదిరిందో చూడటానికి మా దగ్గర ఎ-డి స్ట్రిప్పులని చిన్న కాగితపు ముక్కలు ఉంటాయి. డబ్బాలో ఒక రోజు ఉంచితే నీలం రంగు ఆకుపచ్చకీ, మరీ ముదిరితే పసుపుకీ తిరుగుతుంది. మీరు ఇవాళే చేయగలిగింది ఒకటుంది: వాసన వచ్చే డబ్బాలను రాని డబ్బాల నుంచి వేరు చేసి, గాలి ఆడే చల్లటి గదిలో పెట్టండి. ఆ ఆవిరి పక్క రీళ్లకి కూడా అంటుతుంది.

ఇప్పుడు అసలు ప్రశ్నకి వస్తాను. స్కాన్ చేసి పారేయవచ్చా? పారేయకూడదు. "ఒరిజినల్ ఒరిజినలే" అన్న మమకారంతో చెప్పడం లేదు. న్యూస్‌రీలు కథాచిత్రం లాంటిది కాదు. కథాచిత్రానికి తెర మీద కనిపించేదే సర్వస్వం. న్యూస్‌రీలు ఒక సాక్ష్యం. సాక్షి చెప్పిన మాట ఒక్కటే చాలదు, ఆ సాక్షి ఎవరు, ఆ రోజు అక్కడ ఉన్నాడా, మధ్యలో ఎవరైనా మాటలు మార్చారా అన్నవీ తేలాలి. ఆ సంగతులు చెప్పేవి బొమ్మలో ఉండవు. ఫిల్ము అంచుల మీద, అతుకుల దగ్గర, డబ్బా మూత మీద, లోపల మడిచి పెట్టిన చీటీలో ఉంటాయి. మామూలు స్కాన్‌లో ముందు పోయేవి అవే.

ఒక రీలు గురించి చెబుతాను, నేను కొత్తగా చేరిన రోజుల్లోది. డబ్బా మూత తుప్పు పట్టి, నాణెం అంచుతో చుట్టూ మెల్లగా తడితే గానీ రాలేదు. మీద పెన్సిల్‌తో "వరద" అని ఒక్క మాట. లోపల మూడు వందల అడుగుల 35 ఎంఎం, నలుపు తెలుపు, శబ్దం లేదు. లైట్ టేబుల్ మీద, రీలుని చుట్టే రివైండర్‌తో చేత్తో తిప్పుతూ చూస్తున్నాను: వంతెన, నీళ్లు, పడవల్లో జనం, కప్పు మీద కూర్చున్న ఒక కుటుంబం, కొట్టుకుపోతున్న దూలాలు. నాలుగు నిమిషాలు కూడా ఉండదు. మామూలుగా అయితే "వరద దృశ్యాలు, తేదీ తెలియదు" అని రాసి పక్కన పెట్టేవాళ్లం.

అంచు మీద రంధ్రాల పక్కన భూతద్దంతో చూస్తే ఒక చతురస్రం, ఒక వృత్తం కనిపించాయి. కోడక్ ఫిల్ములకి ఇదొక క్యాలెండరు లాంటిది. 1916లో ఒక వృత్తం, 1917లో ఒక చతురస్రం, 1918లో ఒక త్రిభుజం, తర్వాత ఏటా వీటి జతలు మారుతూ ఇరవై ఏళ్లకి మళ్లీ మొదటికి వస్తాయి. కాబట్టి ఆ గుర్తు ఒక సంవత్సరాన్ని కాదు, ఇరవయ్యేసి ఏళ్ల ఎడంతో ఉన్న కొన్ని సంవత్సరాలను చూపిస్తుంది. పైగా అది ఫిల్ము తయారైన ఏడాది, తీసిన ఏడాది కాదు. అయినా వెతకాల్సిన చోటు చాలా తగ్గిపోతుంది.

డబ్బా అడుగున తుప్పుకి అతుక్కుపోయి మడిచిన కాగితం ఒకటి ఉంది. దాన్ని విప్పడానికి కాగితాల సంరక్షణ తెలిసిన సహోద్యోగికి రెండు రోజులు పట్టింది. అది కెమెరామన్ రాసిన షాట్ల చీటీ. న్యూస్‌రీల్ కెమెరామన్లు ఫిల్ముతో పాటు ఎడిటరుకి పంపేవాళ్లు, ఇంగ్లిష్‌లో డోప్ షీట్ అంటారు. వరుస నంబర్లు వేసి, ఎక్కడ నిలబడి తీశాడో, ఏ పూట తీశాడో, ఫ్రేములో ఎవరున్నారో రాశాడు. "వంతెన ఎగువ వైపు నుంచి, తెల్లవారాక" అన్నంత వివరంగా. మొత్తం పదకొండు షాట్లు. రీలులో మాత్రం పదమూడు ఉన్నాయి.

మళ్లీ మొదటి నుంచి అతుకులు లెక్క పెట్టాను. కొట్టుకుపోతున్న దూలాల షాట్‌కీ, దాని తర్వాతి దానికీ అటూ ఇటూ ఉన్న అతుకులు మిగతా వాటికన్నా వెడల్పుగా ఉన్నాయి, సిమెంటు (ఫిల్ము అతికించే జిగురు) రంగు కూడా వేరు. ఆ ముక్కల అంచున ఉన్న గుర్తు కూడా వేరే. అంటే ఎడిటరు నిడివి చాలక లైబ్రరీలో ఉన్న వేరే వరద నుంచి రెండు షాట్లు తెచ్చి అతికించాడు. అప్పట్లో అది తప్పుగా ఎవరూ అనుకోలేదు, రోజూ జరిగే పనే. కానీ ఆ వరదలో నీరు ఎంత ఎత్తుకి వచ్చిందో లెక్క వేయాలనుకునే పరిశోధకుడు ఆ రెండు షాట్లు చూసి లెక్క వేస్తే అంతా తప్పే. మామూలు స్కాన్‌లో ఇవేవీ తెలియవు. బొమ్మ మాత్రమే కోసి తీసిన ఫైలులో పదమూడు షాట్లూ ఒకే వరదలా, ఒకే రోజులా సాఫీగా నడుస్తాయి.

ఇలాంటివి పెద్ద పెద్ద సంఘటనల్లోనూ ఉన్నాయి. 1937 మే 6న అమెరికాలో లేక్‌హర్స్ట్ దగ్గర హిండెన్‌బర్గ్ విమాననౌక మండిపోయిన దృశ్యం మీరు చూసే ఉంటారు, వెనక గొంతు పూడుకుపోయి ఏడుస్తున్న రేడియో వ్యాఖ్యాత హెర్బర్ట్ మారిసన్ మాటలతో. ఆ మాటలు, ఆ బొమ్మ విడివిడిగా రికార్డయినవి. న్యూస్‌రీల్ కెమెరాలు బొమ్మ తీశాయి, మారిసన్ మాటలు డిస్కు మీద ఎక్కాయి, రెండిటినీ జత చేసింది తర్వాత. మొదటి ప్రపంచ యుద్ధంలోని సోమ్ పోరు మీద 1916లో బ్రిటన్‌లో విడుదలైన చిత్రంలో సైనికులు కందకం నుంచి పైకెక్కుతుంటే ఒకతను జారి వెనక్కి పడిపోయే షాట్ ఎన్ని డాక్యుమెంటరీల్లో వచ్చిందో లెక్కలేదు. అది యుద్ధరంగంలో కాదు, వెనక శిక్షణ జరిగే చోట నటింపజేసి తీసిందని చరిత్రకారులు తేల్చారు. దాంతో ఆ చిత్రం విలువ ఏమీ పోలేదు, దాన్ని 2005లో యునెస్కో మెమరీ ఆఫ్ ది వరల్డ్ జాబితాలో చేర్చింది. ఏ షాట్ ఏమిటో తెలిసి చూడటం వేరు, తెలియక చూడటం వేరు, అంతే.

సినిమా పుట్టిన మూడేళ్లకే ఈ ఆలోచన చేసిన మనిషి ఒకాయన ఉన్నాడు, బొలెస్వావ్ మతుషెవ్‌స్కీ అనే పోలిష్ కెమెరామన్. 1898లో పారిస్‌లో ఒక చిన్న పుస్తకం వేసి, చారిత్రక దృశ్యాల ఫిల్ములను దాచడానికి ఒక భాండాగారం కావాలని అడిగాడు. అంతకుముందు ఏడాది ఫ్రెంచి అధ్యక్షుడు ఫెలిక్స్ ఫోర్ రష్యా వెళ్లినప్పుడు మర్యాద తప్పాడని ఒక ఆరోపణ వచ్చింది. మతుషెవ్‌స్కీ తీసిన ఫిల్ము చూపించి అది తప్పని తేల్చారు. ఫిల్ము సాక్ష్యం చెప్పగలదని ఆయన కళ్లారా చూశాడు. సంస్థలు రావడానికి మాత్రం చాలా కాలం పట్టింది, అంతర్జాతీయ ఫిల్మ్ ఆర్కైవుల సమాఖ్య ఫియాఫ్ ఏర్పడింది 1938లో.

ఇక పని ఎలా సాగుతుందో చెబుతాను. సగం రోజు రివైండర్ దగ్గరే గడుస్తుంది. ఒక చేత్తో మెల్లగా తిప్పుతూ రెండో చేతి వేళ్లతో అంచులు తాకుతూ పోవాలి. చిరిగిన రంధ్రం, ఊడిపోబోతున్న అతుకు కంటికన్నా ముందు వేలికి తెలుస్తాయి. పాత సిమెంటు అతుకులు ఎండిపోయి పెళుసుగా ఉంటాయి, వాటిని తెరిచి మళ్లీ వేస్తాం. ఎవరో ఎప్పుడో మామూలు సెల్లో టేపు అంటించి ఉంటే ఆ జిగురు తియ్యడం ఒక పూట పని. న్యూస్‌రీలు సుమారు పది నిమిషాలే గానీ అందులో ఏడెనిమిది వార్తలు, వాటికి పదుల కొద్దీ అతుకులు. వారానికి రెండు సంచికలు తీసే తొందరలో వాటిని డెవలప్ చేసి కడిగేవాళ్లు. హైపో (బొమ్మని నిలపడానికి వాడే రసాయనం) సరిగ్గా వదలకపోతే ఇన్నేళ్ల తర్వాత బొమ్మ వెలిసిపోతుంది. కథాచిత్రాల నెగెటివ్‌లకి దొరికిన శ్రద్ధ వీటికి దొరకలేదు, వారం దాటితే వీటితో పనేముందని అనుకున్నారు.

ఫిల్ము ఎంత కుదించుకుపోయిందో కూడా కొలవాలి. వంద రంధ్రాల పొడవుని గేజ్ మీద పెట్టి చూస్తాం. ఒక శాతం దాటి కుదించుకుపోయిన దాన్ని పళ్ల చక్రాలున్న మెషీన్‌లో పెడితే రంధ్రాలు చిరిగిపోతాయి. ఇప్పుడు పళ్లు లేకుండా రోలర్ల మీదే నడిచే స్కానర్లు వచ్చాయి, మాలాంటివాళ్లకి అవి పెద్ద వరం.

బేస్ ఏమిటో అంచు మీద రాసి ఉంటుంది, "నైట్రేట్" అనో "సేఫ్టీ" అనో. కానీ దాన్ని గుడ్డిగా నమ్మకూడదు. నెగెటివ్ నుంచి ప్రింటు తీసినప్పుడు నెగెటివ్ అంచు మీది అక్షరాలు కూడా ప్రింటు మీదకి దిగుతాయి. నలుపు తెలుపు ప్రింటులో అక్షరాలు నల్లగా ఉంటే ఆ ఫిల్ముకి ఫ్యాక్టరీలో వేసినవి. నల్లటి అంచు మీద అక్షరాలు తెల్లగా, పారదర్శకంగా ఉంటే పైతరం నుంచి దిగినవి. కాబట్టి సేఫ్టీ ప్రింటు మీద "నైట్రేట్" అని ఉండవచ్చు. ఈ చిన్న తేడా తెలిస్తే ఆ రీలు ఎన్నో తరం కాపీయో కూడా చెప్పవచ్చు.

స్కానింగ్‌కి నేను వ్యతిరేకిని కాదు, ముదిరిపోయిన రీళ్లకి అదొక్కటే దిక్కు. కానీ చేయిస్తే ఓవర్‌స్కాన్ అడగండి, అంటే ఫ్రేము దాటి రంధ్రాలు, అంచులు, సౌండ్ ట్రాక్ కూడా పడేలా. బేస్ వైపు గీతలు ఎక్కువుంటే వెట్ గేట్ వాడతారు. ఫిల్ముని ఒక ద్రవంలో తడిపి స్కాన్ చేస్తే ఆ ద్రవం గీతల్లో నిండి, కాంతి వంగకుండా పోయి గీతలు మాయమవుతాయి. ఎమల్షన్ (బొమ్మ ఉండే పూత) మీది లోతు గీతలకి అది పనిచేయదు, అక్కడ బొమ్మే పోయింది కాబట్టి.

ఖర్చు ఎక్కడ పెరుగుతుందో కూడా చెప్పాలి. 4కె డిపిఎక్స్‌లో (స్కాన్ ఫ్రేములను దాచే ఫైలు రకం) ఒక్క ఫ్రేము దాదాపు 50 ఎంబి. పది నిమిషాల రీలులో 14,400 ఫ్రేములు, అంటే 700 జిబి పైమాటే. పైగా ఇదొకసారి చేసి మరిచిపోయేది కాదు. ఎల్‌టిఓ అనే కంప్యూటర్ డేటా టేపు మీద రాస్తే కొన్నేళ్లకి దాన్ని చదివే డ్రైవులు దొరకవు, కొత్త తరానికి మార్చాలి. మార్చిన ప్రతిసారీ చెక్‌సమ్ (ఫైలు మారలేదని చూపే అంకె) సరిపోయిందో లేదో చూడాలి. చల్లటి, పొడి గదిలో సరిగ్గా ఉంచిన ఫిల్ము ఇంత సేవ అడగదు. నైట్రేట్‌కి 2 డిగ్రీల దగ్గర, 20 నుంచి 30 శాతం తేమలో ఉంచమని ప్రమాణాలు చెబుతాయి. అందుకే రెండూ కావాలి అంటాను: చూడటానికి ఫైలు, అడగడానికి రీలు.

చలి ఎంత గొప్పదో చెప్పడానికి డాసన్ సిటీ చాలు. 1929లో కెనడా ఉత్తరాన ఆ ఊళ్లో పాత రీళ్లను ఈత కొలను గుంత పూడ్చడానికి వేసి మట్టి కప్పేశారు. 1978లో తవ్వకాల్లో 533 నైట్రేట్ రీళ్లు బయటపడ్డాయి. ఎప్పుడూ గడ్డకట్టి ఉండే ఆ నేలే వాటిని కాపాడింది. అంచుల్లో నీళ్లు దిగి బొమ్మ అలల్లా చెదిరింది గానీ, లోపల 1919 నాటి బేస్‌బాల్ ఫైనల్ పోటీల న్యూస్‌రీల్ దృశ్యాలు కూడా దొరికాయి. ఆ రీళ్లు బయటపడిన 1978లోనే డిసెంబరు 7న అమెరికాలో మేరీలాండ్‌లోని సూట్‌లాండ్‌లో నేషనల్ ఆర్కైవ్స్ నైట్రేట్ నిల్వల్లో మంటలు లేచి, యూనివర్సల్ న్యూస్‌రీల్‌కి చెందిన కోటీ ఇరవై ఆరు లక్షల అడుగుల ఫిల్ము బూడిదైపోయింది. అందులో ఎక్కువ భాగం సంచికల్లో వాడకుండా మిగిలిన షాట్లు. ఎడిటరు వదిలేసినవాటిలోనే చరిత్ర ఎక్కువ ఉంటుంది. ఆ అంకె తలుచుకుంటే ఇప్పటికీ నాకు గుండె బరువెక్కుతుంది.

ఒక బాధ కూడా చెప్పుకోవాలి. కొన్నేళ్ల కిందట ఒక సంస్థ వాళ్ల దగ్గరున్న న్యూస్‌రీళ్లను స్కాన్ చేయించి, రీళ్లను వదిలించుకుని, ఫైళ్లు మాకు పంపింది. మూకీ రీళ్లు సెకనుకి 16 నుంచి 20 ఫ్రేముల చొప్పున చేత్తో తిప్పి తీసినవి, వాటిని 24లో నడిపారు, జనం ఉరుకుతున్నట్టు ఉన్నారు. గీతలు తీసే సాఫ్ట్‌వేరు వాన చినుకులను గీతలనుకుని తుడిచేసింది. ఫ్రేముల మధ్య కొత్త ఫ్రేములు సృష్టించి నున్నగా చేశారు, కొన్నిటికి రంగులు కూడా పూశారు. శుద్ధి చేయని ముడి స్కాన్ ఉంచలేదు. ఇప్పుడు ఆ రోజు వాన పడిందా లేదా అని ఎవరైనా అడిగితే నా దగ్గర జవాబు లేదు. రంగులు వేసుకోండి, నున్నగా చేసుకోండి, జనానికి చూపించడానికి తప్పేమీ లేదు. కానీ ముడి స్కాన్‌ని, రీలుని ముట్టుకోకుండా ఉంచి, కాపీ మీద చేయండి, ఏం చేశారో రాసి పెట్టండి.

రాసి పెట్టడమే మా పనిలో మిగతా సగం. ఊరు, తేదీ, మనుషులు, ప్రతి షాట్ వివరం. పేర్లు ఆ కాలంలో ఎలా రాశారో అలా ఒకటి, ఇప్పుడు పిలిచే పేరు ఒకటి. ఊహించింది ఏదో, చీటీలో ఉన్నది ఏదో వేరు చేసి రాయాలి. వ్యాఖ్యానంలో అన్నది నిజమని అనుకోకూడదు. "జనం ఆనందంతో స్వాగతం పలికారు" అని గొంతు చెబుతుంటుంది, బొమ్మలో ముందు వరుస మాత్రమే చేతులు ఊపుతుంటుంది. రెండూ రాస్తాం.

ఈ వృత్తిలోకి రావాలనుకుంటే, కొంచెం రసాయన శాస్త్రం, చేతి పని మీద ఇష్టం, చరిత్ర చదివే అలవాటు, ఈ మూడూ కావాలి. అమెరికాలో జార్జ్ ఈస్ట్‌మన్ మ్యూజియంలో 1996 నుంచి ఫిల్ము సంరక్షణ నేర్పే సెల్జ్‌నిక్ స్కూల్ నడుస్తోంది, ఫియాఫ్ కూడా శిక్షణలు పెడుతుంది. కానీ ముందు ఏదైనా ఆర్కైవులో ఆరు నెలలు రివైండర్ దగ్గర కూర్చుని చూడండి. వేళ్లకి ఓపిక ఉందో లేదో అక్కడే తెలిసిపోతుంది.

మీ డబ్బాల సంగతికి వస్తే, ఇలా చేయండి. ప్రతి డబ్బాకీ మూత, అడుగు, పక్కలు ఫొటోలు తీయండి, లేబుల్ ఊడిపోతున్నా పీకకండి. సులువుగా వచ్చే మూతలు మాత్రమే తెరవండి. లోపల రీలు మీద గోధుమ రంగు పొడి గానీ, తేనెలా జిగట గానీ, నురగ గానీ కనిపిస్తే వెంటనే మూసి, జనం తిరగని చోట విడిగా పెట్టి, మీ దగ్గరి ఫిల్మ్ ఆర్కైవుకీ అగ్నిమాపక శాఖకీ చెప్పండి. నైట్రేట్ ప్రమాదకర సరుకు, దాన్ని పార్సిల్లో పంపడం, కారు డిక్కీలో ఎండలో తీసుకెళ్లడం రెండూ చేయకూడదు. బాగున్న రీళ్లయితే చుట్ట విప్పకుండా, పైకి కనిపిస్తున్న కొస రెండడుగుల్లో అంచు గుర్తులు వెలుతురుకి పట్టి ఫోన్‌తో దగ్గరగా ఫొటో తీయండి, చేతికి నైట్రైల్ గ్లౌజులు వేసుకుని అంచులే పట్టుకోండి. డబ్బాలో కాగితం ఏదైనా ఉంటే, ఎంత నలిగినా, అది ఏ డబ్బాలోదో దాన్ని ఆ డబ్బాలోనే ఉండనివ్వండి. విప్పడానికి ప్రయత్నించకండి.

ఆ ఫొటోలు, డబ్బాల సైజులు, ఏ డబ్బా నుంచి వాసన వస్తోందో రాసి పెడితే, ఏది ముందు చూడాలో, ఏది ఆగగలదో నేను చెప్పగలను. వాసన ఎక్కువున్నదాన్ని ముందు చూస్తాం.